మెట్ల మీద పడిన అబ్బాయి కోసం ప్రార్థన

మెల్‌బోర్న్ క్లేటన్‌లో ఒకప్పుడు నేనున్న ఇంటి ఆంటీ పోయారు. రెండు వారాల కిందట ఒక పొద్దున, ఇక్కడ సిడ్నీలో, వెస్ట్‌మీడ్‌లో నేను ఆఫీసుకు బయల్దేరుతుంటే వాళ్ళమ్మాయి ఫోన్ చేసింది. ఈ దేశంలోనే పుట్టి పెరిగిన పిల్ల, తెలుగు అర్థమవుతుంది కానీ నోరు తిరగదు. "అక్కా, మమ్మీ పాస్డ్ అవే దిస్ మార్నింగ్" అంది. తర్వాత, "షీ హాడ్ హర్ టీ" అని జతచేసింది. నాకు ఏడుపూ నవ్వూ కలిసి వచ్చాయి. టీ తాగకుండా ఆవిడ గేటు దాటి ఎక్కడికీ వెళ్ళిన మనిషి కాదు.

ఆవిడ నాకు చుట్టం కాదు. చదువుకోవడానికి మెల్‌బోర్న్ వచ్చిన కొత్తలో ఆవిడ ఇంట్లో ఒక గది అద్దెకు తీసుకున్నాను, అంతే. ఆవిడది భీమవరం దగ్గర పల్లె, నాది కరీంనగర్. ఆవిడ ఆదివారం చర్చికి, శుక్రవారం ఇంట్లో ప్రార్థన కూటానికి తప్ప దేనికీ పట్టుచీర తీయని క్రైస్తవురాలు. మా అమ్మ సమ్మక్కకు నిలువెత్తు బంగారం, అంటే బెల్లం, తూచి ఇచ్చే మనిషి. ఆవిడ మాట నాకు మొదట్లో పాటలాగా వినిపించేది, నా మాట ఆవిడకి తగాదాలాగా వినిపించేదట. "కోపమొచ్చిందా పిల్లా?" అని అడిగేవారు, నేను ఉప్పు అందియ్యమన్నా సరే.

ఆంటీ ఏజ్డ్ కేర్‌లో పనిచేసేవారు. మంచాన పడ్డ తెల్ల ముసలివాళ్ళకు స్నానాలు చేయించడం, తినిపించడం, మాత్రలు మింగించడం. తెల్లవారకుండా పోయి మధ్యాహ్నానికి వచ్చేవారు. రాగానే నల్ల బూట్లు గుమ్మం దగ్గర విడిచి, నైటీ మీద ఉన్ని కోటు తొడిగి, ఇంట్లో ఎవరెవరు తిన్నారో ఎవరు తినలేదో విచారణ మొదలుపెట్టేవారు. ఆ ఇంట్లో ఆంటీ, అప్పటికింకా చిన్నపిల్లయిన వాళ్ళమ్మాయి కాక, మేం అద్దెకున్న పిల్లలం నలుగురం. ఏ వారం ఏ చెత్తడబ్బా వీధిలో పెట్టాలో మాకు ఎన్నిసార్లు చెప్పినా ఎక్కేది కాదు. "ఈ వారం పచ్చమూతమ్మా! పసుపు మూత కాదు!" అని ఆవిడ వేసే కేక పక్కింటి గ్రీకు తాతకు కూడా ఉపయోగపడేది. చలికాలం రాగానే కరివేపాకు కుండీని లోపలికి తెచ్చి హీటర్ పక్కన పెట్టేవారు. మా గదుల్లో హీటర్ వేస్తే మాత్రం దుప్పటి కప్పుకోమనేవారు. ఆ కుండీకి ఉన్న మర్యాద మాకు లేదని మేం నలుగురం గొణుక్కునేవాళ్ళం.

మిగతా ముగ్గురూ కంప్యూటర్ చదువులు. నేనొక్కదాన్నే సినిమా చదువు. సినిమా తీయడం కూడా కాదు, చూసి వాటి గురించి రాయడం. "సినిమాలు చూడనీకి గంత దూరం పోవాల్నా?" అని మా నాయన ఎయిర్‌పోర్టులో కూడా అడిగాడు. ఆంటీ ఆ మాట అడగలేదు. నేను టీవీలో వార్తలు చదవబోతున్నానని ఆవిడే నిర్ణయించుకుని చర్చి సంఘంలో అందరికీ చెప్పేశారు. దిద్దబోతే, "ఇప్పుడే ఎందుకులే, అప్పటికి చూద్దాం" అన్నారు.

ఇక చెప్పాల్సిన అసలు సంగతి. నా రెండో సెమిస్టర్ చలికాలంలో, సిటీలో సాయంత్రం క్లాసు ముగించుకుని వస్తూ రైలు మారడానికి ఒక స్టేషన్‌లో దిగాను. మెట్లెక్కుతుంటే ఎవరో కుర్రాళ్ళు వెనక నుంచి నా సంచీ పట్టుకు గుంజారు. నేను వదల్లేదు. వాళ్ళు తోశారు. మెట్ల మీద పడ్డాను. వాళ్ళు సంచీతో పోయారు. మోకాలు చీరుకుపోయింది, అది పెద్ద దెబ్బేం కాదు. ఆఫీసులు వదిలే వేళ కాబట్టి జనం బాగా ఉన్నారు. అందరూ నా పక్కనుంచి, ఊడ్చేటప్పుడు అడ్డమొచ్చిన బల్లను తప్పించుకున్నట్టు, కాస్త వంపు తిరిగి ఎక్కిపోయారు. ఒకావిడ మాత్రం ఆగి చెవిలోని ఇయర్‌ఫోన్ తీసింది. నేను తలెత్తి చూశాను. రైలొస్తున్న చప్పుడు వినబడగానే ఆవిడ అది మళ్ళీ చెవిలో పెట్టుకుని వెళ్ళిపోయింది.

ఎవరికీ చెప్పలేదు. ఇంటికి చెబితే ఆ రాత్రే తిరిగి రమ్మంటారు. ఈ ఇంట్లో చెబితే మా ఇంటికి చెబుతారు. సాయంత్రం క్లాసులకు వెళ్ళడం మానేశాను. సెమిస్టర్ అయ్యాక చదువు మానేసి వెళ్ళిపోదామని లోపల నిశ్చయం కూడా చేసుకున్నాను. బయటికి మాత్రం ఎప్పటిలాగే ఉన్నాననుకున్నాను. ఎక్కువ తింటున్నానని ఆంటీ సంతోషించారు కూడా.

ఆ రోజుల్లోనే, నేను వెళ్ళడం మానేసిన గురువారం క్లాసు టీచరు ఈమెయిల్లో తలా ఒక సినిమా పంచింది. అన్నీ అమెరికాలో ఎవరో ఒంటరిగా, చేతిలో డబ్బుల్లేకుండా తీసిన ప్రయోగాలు. నా వంతుకు వచ్చినదాంట్లో కథ లేదు, మాట లేదు. ఒక పెద్ద అమెరికా నగరం, నలుపూ తెలుపూ. వెలుగుతున్న కిటికీలు, కిటికీకొక మనిషి, ఎవరూ ఎవరినీ చూడరు. కింద రోడ్డు మీద సైరన్లు, ఎక్కడో మోగుతున్న టీవీలో సబ్బు ప్రకటన. తర్వాత భూగర్భ రైలు స్టేషన్ మెట్ల మీద ఒక కుర్రాణ్ణి ఇద్దరు కొడతారు. అతను పడిపోతాడు. ఇక కెమెరా కదలదు. పడిన మనిషి, అతని పక్కనుంచి పోయే బూట్లు, చాలాసేపు. సినిమా తీసినవాడు ఆ రీలు మీద సూదితో గీతలు గీశాడు, తెరంతా తెల్లగా గీసుకుపోతూ ఉంటుంది. అతను లేవకుండానే సినిమా అయిపోతుంది.

మొదటిసారి చూసినప్పుడు లాప్‌టాప్ మూసేసి స్నానాల గదిలో కూర్చున్నాను. కానీ టీచరు పెట్టిన నియమం ఒకటుంది. ఆ సినిమాను ఈ చదువుతో సంబంధం లేని మనిషికి ఒకరికి చూపించి, వాళ్ళేం అన్నారో వచ్చి క్లాసులో చెప్పాలి. ఇంట్లో పిల్లలు హీరో ఎవరని అడిగి, లేడని తెలిసి, లేచి వెళ్ళిపోయారు. మిగిలింది ఆంటీ.

ఆదివారం మధ్యాహ్నం చర్చి నుంచి వచ్చి, పేపరు పరుచుకుని, ఎండు రొయ్యల తలలు గిల్లుతూ కూర్చున్నారు. ఎదురుగా టీవీలో పెట్టాను. "ఏం సినిమా ఇది, దేవుడి సినిమానా?" అన్నారు. కాదన్నాను. "పోనీలే, పెట్టు" అన్నారు. కిటికీలు చూస్తూ, "ఇంతింత ఇళ్ళల్లో ఒక్కొక్కళ్ళే ఉంటారా పాపం" అన్నారు. సబ్బు ప్రకటనకు నవ్వారు. మెట్ల దగ్గరికి వచ్చేసరికి గిల్లడం ఆపేశారు.

"ఈ అబ్బాయి ఎవరమ్మా?"

"తెల్వది ఆంటీ. పేరుండది ఇందుల."

"ఉండకపోడమేంటి? వాళ్ళమ్మ ఏదో ఒకటి పెట్టే ఉంటది కదా."

బూట్లు నడుస్తున్నాయి. ఆంటీ కుర్చీలోంచి ముందుకు వంగారు. "ఒక్కళ్ళయినా పక్కన కూచోరేంటి?" అన్నారు.

"లేపుతలేరు అనా?"

"లేపడం కాదే పిల్లా. పడ్డోళ్ళని గబుక్కున లేపకూడదు. మా పని దగ్గర ఎవరన్నా పడితే ముందు పక్కన నేల మీద కూచోవాలి. చెయ్యి పట్టుకుని కబుర్లు చెప్తా ఉండాలి. రెండో మనిషి వచ్చేకే లేపడం. ఒక్కళ్ళం లేపితే ఇద్దరం పడతాం." మళ్ళీ తెరవైపు చూశారు. సినిమా అయిపోయింది. "ఏదీ, లేచేడా?"

"అయిపోయింది ఆంటీ. అది యాక్టింగే."

"యాక్టింగైతే ఆఖర్న లేవాలి కదా. లేవలేదుగా మరి."

ఆంటీ రొయ్యల తలలు కాగితంలో చుట్టి బయట డబ్బాలో వేసి, చేతులు కడుక్కుని పడుకున్నారు. నేను ఆవిడ అన్నవి రాసుకుని, ఇవి క్లాసులో ఎప్పటికీ చెప్పబోను కదా అనుకున్నాను.

శుక్రవారం కూటం ఆంటీ ఇంట్లోనే. క్రాన్‌బర్న్ నుంచి, చుట్టుపక్కల నుంచి కోస్తా కుటుంబాలు వచ్చేవి. నేను కూడా వెనక వరసలో కూర్చునేదాన్ని. భక్తితో అని చెబితే ఆంటీయే నమ్మరు. కూటం తర్వాత కోడికూర ఉంటుంది. అక్కడ ఒక పద్ధతి ఉండేది. ముందుగా ఒక్కొక్కరు తమ ప్రార్థన అంశం చెప్పాలి. ఒకరికి వీసా, ఒకరికి తల్లి కాలు, ఒకరికి కొడుకు పెళ్ళి. వారమంతా అందరూ ఆ అంశాల మీద ప్రార్థించాలి. మరుసటి శుక్రవారం ఏమైందో వచ్చి సాక్ష్యం చెప్పాలి. ఆ రోజు ఆంటీ వంతు వచ్చినప్పుడు కళ్ళు మూసుకుని, "అమెరికాలో ఒక అబ్బాయండీ. మెట్ల మీద కొట్టి పడేసేరు. ఎవరూ ఆగలేదు. నా కళ్ళతో చూసేను. ఆ బిడ్డ పేరు ప్రభువుకి తెలుసు" అన్నారు. అందరూ "ఆమేన్" అన్నారు. ఎవరి ఇంట్లో వాళ్ళకు అమెరికాలో ఒక బిడ్డ ఉన్నాడు, ఎవరికీ ఇంకేమీ అడగాలనిపించలేదు.

ఆ వారంలో ఆ అబ్బాయి పెరిగాడు. ఆదివారానికి గుంటూరు వైపు అబ్బాయి అయ్యాడు. బుధవారానికి ఐసీయూలో ఉన్నాడు. కొందరు ఒంటిపూట ఉపవాసం పట్టారు. క్రాన్‌బర్న్ ఆంటీ, అంటే మా ఆంటీకి సంఘంలో అందరికన్నా దగ్గరి స్నేహితురాలు, న్యూజెర్సీలో ఉన్న తన తమ్ముడికి ఫోన్ చేసి హాస్పిటల్‌కి వెళ్ళి చూసి రమ్మని సిద్ధం చేసింది. ఇదేమీ మా ఆంటీకి తెలియదు, ఆ వారం ఆవిడకి డబుల్ షిఫ్టులు.

మళ్ళీ శుక్రవారం. "ఏ హాస్పిటలో చెప్పు వదినా, మా తమ్ముడు రేపే వెళ్తానంటన్నాడు" అంది క్రాన్‌బర్న్ ఆంటీ. పాస్టర్ గారు అబ్బాయి పేరు అడిగారు. మా ఆంటీ ఒకసారి ఆయన్ని, ఒకసారి నన్ను చూశారు. సంగతి ఆవిడకి అప్పుడు అర్థమైంది. ఆవిడ అబద్ధం ఆడలేరు, ఆడినా అతకదు.

"అది సినిమాలో అబ్బాయండీ" అన్నారు.

గదిలో ఎవరో కిసుక్కున నవ్వారు. ఇండియాలో హెడ్మాస్టరుగా చేసి కొడుకు దగ్గరికి వచ్చి ఉంటున్న ఒక అంకుల్ ఉండేవారు, మాట కరకు. "సినిమా వేషగాడి కోసమా అమ్మా మేమంతా పస్తులున్నది? ప్రార్థన అంటే ఆటనుకున్నావా?" అన్నారు.

ఆంటీ ముఖం చిన్నబోయింది. పైట చెంగు వేళ్ళకు చుట్టుకుంటూ, "పడ్డాడు కదండీ మరి" అన్నారు, బాగా చిన్న గొంతుతో.

నాకు ఒళ్ళు మండింది. ఆవిణ్ణి అలా ఎవరూ చూడకూడదు అనిపించింది. లేచి నిలబడ్డాను. ప్రయోగాత్మక చిత్రం అంటే ఏమిటి, అమెరికా నగరాల్లో మనుషుల మధ్య దూరం గురించి ఆ సినిమా తీసినవాడు ఏం చెప్పదలిచాడు, ఇవన్నీ వివరిద్దామనే లేచాను. నోరు తెరిస్తే వేరే మాట వచ్చింది.

"ఆంటీ తప్పేం చెప్పలే అంకుల్. అట్ల పడ్తరు మనుషులు. నేను గూడ పడ్డ. నెల కిందట, స్టేషన్ల, మెట్ల మీద. సంచి గుంజుకొని తోసిన్రు. మస్తు మంది ఉండె. ఎవ్వరు ఆగలే."

అంతవరకే చెప్పగలిగాను. కుర్చీలో కూలబడ్డాను. ఎందుకు చెప్పలేదని ఆంటీ అడగలేదు. పట్టుచీరతోనే వచ్చి నా కుర్చీ పక్కన కార్పెట్ మీద కూర్చుని నా చెయ్యి పట్టుకున్నారు. కాసేపటికి ఆ రోజు ఏం కూర వండారో చెప్పడం మొదలుపెట్టారు. కోళ్ళు ముదురువి వచ్చాయని, ఎంతకీ ఉడకలేదని, ఉల్లిపాయ తీపెక్కిందని. నేను ఏడుస్తూనే విన్నాను. క్రాన్‌బర్న్ ఆంటీ వచ్చి రెండో పక్క కూర్చుంది. హెడ్మాస్టరు అంకుల్ లేచి వంటింట్లోకి వెళ్ళి నీళ్ళు తెచ్చారు. పాస్టర్ గారు ముగింపు ప్రార్థన చేయడం మర్చిపోయారు.

అందరూ వెళ్ళాక, చదువు మానేస్తున్నానని చెప్పాను. వద్దంటారనుకున్నాను. "నీ ఇష్టమమ్మా" అన్నారు. గిన్నెలు సర్దుతూ, "కానీ గురువారం క్లాసుకి ఒక్కసారి వెళ్ళిరా. మీ టీచరమ్మని అడిగిరా, ఆ అబ్బాయి తర్వాత లేచేడా అని. నాకు తెలవాలి" అన్నారు. బతిమాలితే నేను వెళ్ళేదాన్ని కాదు. ఇది పని, ఆవిడ చెప్పిన పని. కాదనలేకపోయాను.

వెళ్ళాను. ఆంటీ అన్న మాటలన్నీ క్లాసులో చెప్పాను, రొయ్యల సంగతితో సహా. ఎవరూ నవ్వలేదు. టీచరును అడిగాను. ఆమె పెద్దవయసు మనిషి, ఎన్నో ఏళ్ళుగా ఆ సినిమా చూపిస్తోంది. తీసినవాడు ఎప్పుడో పోయాడనీ, ఆ కుర్రాడెవరో ఎక్కడా రాసి లేదనీ, అది నటనో నిజమో కూడా ఎవరికీ తేలలేదనీ చెప్పింది. "నేనూ ప్రతిసారీ అదే అనుకుంటాను, లేచాడా అని" అంది, బల్ల మీద కాగితాలు సర్దుకుంటూ.

ఆ రాత్రి అన్నాలు తినేటప్పుడు ఈ జవాబు ఆంటీకి చెప్పాను. ఆవిడ ఆలోచించారు. "అయితే ప్రార్థన ఆపకూడదు" అన్నారు. ఆపలేదు. నేను చదువు పూర్తిచేశాను, సిడ్నీ వచ్చాను. ఇప్పుడు టీవీ కార్యక్రమాలకు కింద అక్షరాలు వేసే ఉద్యోగం చేస్తున్నాను. వార్తలు నేను చదవకపోయినా రాస్తున్నానని ఆంటీ గర్వంగా చెప్పుకునేవారు. ఆంటీ వాళ్ళు క్లేటన్ ఇల్లు అమ్మి క్రాన్‌బర్న్ వెళ్ళిపోయారు, పిల్ల పెద్దదైంది, ఆవిడకి గుండె జబ్బు వచ్చింది. ఫోన్‌లో ఎప్పుడు మాట్లాడినా నా సంగతీ, మా ఆయన సంగతీ అయ్యాక, "మన అబ్బాయిని మర్చిపోలేదులే" అనేవారు. ఒకసారి అడిగాను, ఆ శుక్రవారం అసలు నాకేదో అయిందని ముందే కనిపెట్టి అలా చేశారా అని. "నాకేం తెలుసే? నేను వాడి గురించే అడిగేను. నువ్వు మధ్యలో దూరేవు" అని నవ్వారు. అంత్యక్రియల్లో వాళ్ళమ్మాయి నన్ను పక్కకు పిలిచి, "అక్కా, హూ ఈజ్ ద బాయ్ ఆన్ ద స్టెయిర్స్? లాస్ట్ వీక్ కూడా మమ్మీ ప్రే చేసింది" అని అడిగింది. చెప్పాను. ఆ పిల్ల అమ్మ గురించి తెలియనిదేదో తెలిసినట్టు చాలాసేపు నా భుజం మీద తల పెట్టుకుంది.

ఆంటీ అంటే నాకు ఇవన్నీ గుర్తొస్తాయి. కానీ కళ్ళు మూసుకుంటే కనిపించేది ఆ గురువారం సాయంత్రమే, క్లాసు నుంచి తిరిగి వస్తున్నప్పటిది. రైలెక్కాక ఆంటీకి మెసేజ్ పెట్టాను, వస్తున్నానని. ఏ పెట్టెలో ఎక్కానో రాయలేదు, నాకే తెలియదు. క్లేటన్ వచ్చేదాకా సంచీ ఒళ్ళో గట్టిగా పట్టుకుని, దిగాక మెట్లూ జనమూ ఎలాగా అని బిగుసుకుని కూర్చున్నాను.

రైలు నెమ్మదించింది. కిటికీలోంచి చూస్తే ప్లాట్‌ఫాం మీద పొడుగ్గా, ఎడం ఎడంగా, శుక్రవారం కూటానికి వచ్చే మనవాళ్ళు నిలబడి ఉన్నారు. చీరల మీద స్వెట్టర్లు, చెవులకు మఫ్లర్లు, ఒక్కో పెట్టె ఆగేచోట ఒక్కొక్కరు. నేను ఏ తలుపులోంచి దిగినా ఎదురుగా ఒక మనిషి ఉండేట్టు ఆంటీ వాళ్ళని అలా నిలబెట్టారు. నా తలుపు దగ్గర నిలబడ్డది హెడ్మాస్టరు అంకుల్, మంకీ క్యాప్‌లో. నన్ను చూడగానే సంచీ అందుకుని, ప్లాట్‌ఫాం రెండు చివరలకూ వినబడేట్టు బడిగంట గొంతుతో కేకేశారు. "ఇక్కడ దిగిందమ్మా! ఇక్కడ!" దిగుతున్న జనం అందరూ తిరిగి చూశారు. ఆ జనానికి ఎదురీదుతూ అటునుంచీ ఇటునుంచీ మనవాళ్ళు నా వైపు రాసాగారు. అందరికన్నా దూరంగా, చివరి పెట్టె దగ్గర, నల్ల బూట్లతో, పని నుంచి నేరుగా వచ్చిన నీలం యూనిఫాంతో, పరుగుకు తక్కువగా నడకకు ఎక్కువగా, మా ఆంటీ వస్తున్నారు.